కెమెరా యే యెత్తున నుండవలెను?

దూరపు కొండలు నునుపని మన పెద్దలు చెప్పిన మాట చిన్నది. అందలి హెచ్చరిక పెద్దది. కొండ నునుపుగ గనబడుట కొండ తప్పు గాదు, దూరము తప్పు. ఇంతకాలమును లోకులు దూరపు కొండలను కన్నులతో మాత్రమే చూచుచుండిరి. ఇప్పుడు కెమెరాతో జూచుచున్నారు. కన్ను చూచినది చూచినవానితోనే పోవును. కెమెరా చూచినది ముద్రపడి, దేశదేశములు దిరిగి, నూఱేండ్లు నిలిచి, ఎన్నడును చూడనివారికి గూడ స్వయముగ చూచినంత నమ్మకము గలిగించును. కావున కన్ను పడిన భ్రమ కంటె కెమెరా పుట్టించిన భ్రమ పదిరెట్లు బలమైనది. కొండలలోను, దీవులలోను, రహదారులకెడమైన పల్లెలలోను నివసించు జనుల బ్రతుకును చూపు డాక్యుమెంటరీ చిత్రములను విమర్శకు లుపేక్షింపరాదని మేము చెప్పుటకు కారణ మిదియే.

మనలో కథాచిత్రములను విమర్శించువారికి కొదువ లేదు. నాయకుని నటన, పాటల సొగసు, కథలోని యతుకులు, వీనిని గూర్చి తీర్పు చెప్పనివాడు లేడు. డాక్యుమెంటరీ మాట వచ్చునప్పటికి మాత్ర మందఱును మౌనము వహింతురు. "ఉన్నదున్నట్లు చూపినాడు, ఇందులో మెచ్చుకొనుటయే గాని విమర్శించుట కేమున్నది?" అని యందురు. ఈ మాట వినుటకు న్యాయముగ నున్నది. పరీక్షించి చూచినచో నిలువదు. ఎందుచేత నిలువదో చూపి, ఇట్టి చిత్రములను తూచుట కొక త్రాసు మన తెలుగునాటనే యున్నదని చెప్పుట యీ వ్యాసోద్దేశము.

ఉన్నదున్నట్లు చెప్పుట యనునది క్రొత్తగ పుట్టిన చిక్కు గాదు. మన యాలంకారికులు దానికి స్వభావోక్తి యనియు, జాతి యనియు పేరుపెట్టిరి. దండి తన కావ్యాదర్శమున అలంకారముల వరుసలో దానికే మొదటి పీట వేసెను. భామహుడు దానిని కొందఱి మతముగ మాత్రము పేర్కొనెను. వక్రోక్తిజీవితమును రచించిన కుంతకుడు అది యలంకారమే గాదనెను. వస్తుస్వభావము అలంకరింపబడు శరీరమే గాని శరీరముపై పెట్టు నగ గాదని యాతని వాదము. ఇంతటి పండితు లింత తర్కించుటకు కారణమేమి? ఉన్నదున్నట్లు చెప్పుట యంత సులభము గాదని వారెఱుగుదురు. లేగదూడ గంతులను వర్ణింప బూనిన కవి దాని నూఱు చేష్టలలో నాలుగింటిని ఏరుకొనును. ఆ ఏరుకొనుటలోనే కవి యున్నాడు. కెమెరా పట్టినవాడును అట్లే యెక్కడ నిలువవలెనో, ఎప్పుడు మొదలిడవలెనో, ఎప్పు డాపవలెనో, తీసినదానిలో నేది కత్తిరింపవలెనో తానే నిర్ణయించును. అయితే యొక భేదము గలదు. లేగదూడ కవిమీద నభియోగము తేదు. మనుష్యుడు తేగలడు. తేగల మనుష్యుని వర్ణించునప్పుడు స్వభావోక్తి కేవలము సౌందర్యవిషయము గాదు. న్యాయవిషయము గూడ నగును.

ఈ తెగ చిత్రములకు పితామహుడని పేరొందినవాడు అమెరికా దేశస్థుడగు రాబర్టు ఫ్లాహర్టీ. ఇతడు 1884లో జన్మించెను. మొదట చిత్రదర్శకుడు గాడు. కెనడా యుత్తరభాగమున ఖనిజములు వెదకినవాడు. అక్కడి మంచుసీమలో నివసించు ఇన్యుయిట్ జనులతో పరిచయమై, వారి బ్రతుకును చలనచిత్రముగ తీయ సంకల్పించెను. మొదట తీసిన ఫిలిము సిగరెట్టు నిప్పు పడి దగ్ధమయ్యెను. అతడు నిరుత్సాహపడక, ఉన్నితోళ్ల వర్తకము చేయు నొక ఫ్రెంచి కంపెనీ యిచ్చిన ధనముతో మరల పోయి తీసి, 1922లో 'నానూక్ ఆఫ్ ది నార్త్' అను చిత్రమును లోకమునకు చూపెను. అటుపిమ్మట నతడు తీసిన 'మోనా' అను చిత్రమును సమీక్షించుచు, జాన్ గ్రియర్సన్ అను విమర్శకుడు 1926లో డాక్యుమెంటరీ యను మాటను వాడెను. ఆ మాటయే యీ జాతికంతకు పేరైనది.

ఫ్లాహర్టీ ప్రతిభను తక్కువ చేయుట మా యభిమతము గాదు. మంచుగడ్డలను కత్తితో కోసి, వరుసగ పేర్చి, చూచుచుండగనే యొక గుండ్రని యిల్లు గట్టి, దానికి పారదర్శకమైన మంచుపలకతో కిటికీ యమర్చు దృశ్యమును చూచినవారెవరును మఱవజాలరు. అతడు తొందరపడలేదు. తీసిన ఫిలిమును అక్కడనే కడిగి, ఆ జనులకే ప్రదర్శించి చూపెను. వారును కెమెరాను బాగుచేయుటలోను ఫిలిము కడుగుటలోను తోడ్పడిరి. ఈ గుణము లతనియెడ మనకు గౌరవము పుట్టించునవి.

ఇక దోషములు. చిత్రమున నానూక్ అని చూపబడిన వేటగాని యసలు పేరు అల్లకరియల్లక్. అతని భార్యగ కనబడు స్త్రీ అతని భార్య గాదు. లోపల కెమెరాకు వెలుతురు చాలనందున సగము కప్పు లేని మంచుటిల్లు గట్టించి, ఆ చలిలో వారిచే నిద్రలేచుటను నటింపజేసిరి. ఆ కాలమున అక్కడి వేటగాండ్ర చేత తుపాకులున్నవి. చిత్రమున మాత్రము ఈటెలే. వర్తకుని దుకాణమున గ్రామఫోను విని, అదియేమో తెలియనివానివలె అతడు రికార్డును కొఱికి చూచును. అతనికి గ్రామఫోను తెలియనిది గాదు.

ఈ దోషములన్నిటిని ఒకే గాటను గట్టుట విమర్శ గాదు. సగము కప్పు తీసిన యిల్లు పనిముట్టు యొక్క యశక్తిచే కలిగినది. దానివలన ఆ జనుల మర్యాదకు లోపము లేదు. తుపాకి దాచుట యట్టిది గాదు. తుపాకి కనబడినచో నానూక్ మనవలెనే ఈ శతాబ్దపు మనుష్యుడగును. మందుగుండు కొనవలసినవాడు, ధర హెచ్చినప్పుడు వగచువాడు నగును. ఈటె పట్టినచో నతడు లోకారంభమునాటి మనుష్యుడగును. నగరమున టిక్కెట్టు కొన్న ప్రేక్షకునికి రెండవవాడే కావలెను. అనగా అచట చూపబడినది ఇన్యుయిట్‌ల బ్రతుకు గాదు, ప్రేక్షకుని కోరిక. గ్రామఫోను ఘట్టము మఱింత హేయమైనది; తెలిసినవానిని తెలియనివానిగ జూపి నవ్వించుట అవమానమునకు మాఱుపేరు. చిత్రమున తెల్లవర్తకుడు స్నేహపాత్రుడుగ కనబడును; తోలు ధరను ఎవరు నిర్ణయించిరో కనబడదు. చిత్రమునకు ధనమిచ్చినది తోళ్ల కంపెనీ యని జ్ఞాపకముంచుకొన్నచో ఈ మౌనమున కర్థము తెలియును.

ఆ దర్శకుడే 1934లో ఐర్లండు పడమటి సముద్రమునగల ఆరన్ దీవులను గూర్చి 'మాన్ ఆఫ్ ఆరన్' అను చిత్రము తీసెను. అందు జాలరులు చిన్నపడవపై నెక్కి మహామత్స్యమును బల్లెముతో వేటాడుదురు. ఆ వేట అక్కడ నంతకు కొన్ని తరములకు ముందే యంతరించినది. చిత్రము కొఱకు వారికి మరల నేర్పవలసివచ్చెను. ఒక కుటుంబముగ చూపబడినవారు వేఱువేఱు ఇండ్లవారు. అలలతోడి పోరాట మద్భుతము. కాని ఆ దీవివారు అలలతోనే గాక భూస్వాములతోను, శిస్తులతోను, దారిద్ర్యముతోను పోరాడినవారు. ఆ పోరాట మేదియు చిత్రమున లేదు. మనుష్యుడు ప్రకృతితో పోరాడినట్లు చూపుట ప్రేక్షకుల కుల్లాసము. మనుష్యుడు మనుష్యునితో పోరాడినట్లు చూపుట కొందఱికి ఇబ్బంది. ఫ్లాహర్టీ జీవితమంతయు మొదటిదాని నెన్నుకొనెను.

"కళాకారునికి స్వాతంత్ర్యము లేదా? నాటకకర్త చరిత్రను మార్చుకొనలేదా?" అని కొందఱు ప్రశ్నింపవచ్చును. స్వాతంత్ర్యము కలదు. నాటకకర్త "ఇది నాటకము" అని చెప్పి తెఱ తీయును. డాక్యుమెంటరీకారుడు "ఇది నిజము" అని చెప్పి తెఱ తీయును. నిజమను మాటను పెట్టుబడిగ పెట్టి వ్యాపారము చేసినవాడు ఆ పెట్టుబడికి లెక్క చెప్పవలెను. గ్రియర్సన్ పండితుడే ఈ కళను యథార్థమునకు సృజనాత్మకమగు మలపు అని నిర్వచించెను. మలపునకు మేము విరోధులము గాము. మలపు ఎవరి మేలునకు, ఎవరి యెదుట, ఎవరి యనుమతితో జరిగెనని మాత్ర మడుగుచున్నాము.

ఈ ప్రశ్నకు సమాధానము కొఱకు మేము పాశ్చాత్య గ్రంథములను వెదకనక్కఱలేదు. తెలంగాణమున, నాటి మెదకు జిల్లాలోను నేటి సంగారెడ్డి జిల్లాలోను జేరిన జహీరాబాదు ప్రాంతమున పస్తాపురమను గ్రామము గలదు. అక్కడ 1983 నుండి దక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ యను సంస్థ దళిత స్త్రీల సంఘములతో పనిచేయుచున్నది. వారు మెట్టపొలముల చిన్నరైతులు. జొన్న, కొఱ్ఱ, సజ్జ, కంది కలిపి విత్తుకొనువారు. వారిలో పెక్కురు బడి మెట్లెక్కినవారు గారు. సంస్థ వ్యవస్థాపకులలో నొకరగు పి.వి. సతీష్ అంతకుముందు దూరదర్శన్‌లో కార్యక్రమములు నిర్మించినవారు, 2023లో మరణించిరి. వారి పూనికచే 1990ల చివర నుండి ఆ స్త్రీలలో కొందఱు వీడియో కెమెరా పట్ట నేర్చిరి. అక్షరము రానివారు కెమెరా పట్టుటయా యని నవ్వినవారు లేకపోలేదు. కాని చూచుటకు అక్షరములు కావలెనా? పంటను, వానను, మనుష్యుని ముఖమును చదువుటలో వారికి నలుబదేండ్ల చదువున్నది.

వారు కెమెరా భాష నేర్చుకొనుటతో నూరకుండలేదు. దానికి తమ భాషలో పేర్లు పెట్టుకొనిరి. పైనుండి క్రిందికి చూచు షాటును వారు పటేలు షాటనిరి. దొర అరుగుపై గూర్చుండి కూలివానిని చూచు చూపది. క్రిందినుండి పైకి చూచు షాటును బానిస షాటనిరి. చేతులు కట్టుకొని నేలనున్నవాడు దొరను చూచు చూపది. కంటికి కన్ను సమముగ నుండు షాటును సంఘం షాటనిరి. సంఘమున అందఱును చాపమీద సమముగ గూర్చుందురు గదా. చిత్రకళాశాస్త్ర గ్రంథములలో 'హై యాంగిల్', 'లో యాంగిల్' అని కొలతలుగ మాత్రమే చెప్పబడినది ఈ స్త్రీల నోట మనుష్యసంబంధమైనది. కెమెరా యొక్క యెత్తు గజములలో గాదు, అంతరములలో కొలువవలెనని వారు లోకమునకు నేర్పిరి. మా యెఱుకలో డాక్యుమెంటరీని తూచుటకు దీనికి మించిన త్రాసు లేదు.

ఈ త్రాసున ఫ్లాహర్టీని తూచి చూతము. ఈటెతో నిలిచిన నానూక్‌ను అతడు వీరునిగ చూపెను; అది పైకి చూచు చూపు. రికార్డు కొఱికిన నానూక్‌ను శిశువుగ చూపెను. అది పటేలు చూపు. ఒకే మనుష్యు డొకప్పుడు దేవుడు, ఒకప్పుడు పసివాడు. పొరుగువాడు మాత్రము కాలేదు. దూరవాసులను గూర్చి తీయబడు చిత్రములలో నూటికి తొంబదింటి దోష మిదియే. పొగడుట గౌరవమనుకొందురు. పొగడ్త సైతము సమానుని స్థానము నుండి తప్పించుటయే.

మన ప్రభుత్వపు ఫిల్మ్స్ డివిజన్ 1948లో స్థాపితమై 2022లో వేఱొక సంస్థయందు లీనమయ్యెను. సినిమాశాలలలో కథాచిత్రమునకు ముందు దాని చిత్రములను చూచిన తరములు పెక్కు. వానిలో కొండజాతుల నృత్యములు తఱచు కనబడెడివి. డోలు మ్రోగును, స్త్రీలు చేయి చేయి పట్టుకొని యాడుదురు, పట్టణపు గొంతు ఒకటి వెనుకనుండి వివరించును. కనబడు ముఖ మొకరిది, వినబడు మాట మఱొకరిది. ఆడుచున్న స్త్రీ పేరేమో, ఆమె పొలమునకు పట్టా యున్నదో లేదో, ఆ పాటలో నేమి చెప్పుచున్నదో చెప్పినవి యఱుదు. కెమెరా సమానమైన యెత్తున నున్నను గొంతు పటేలు అరుగుపై నుండుట సాధ్యమే యని దీనివలన తెలియుచున్నది. సంఘం షాటు కంటికే గాక చెవికి గూడ వర్తించును.

ఇందుకు మధ్యస్థముగ నిలుచువాడు క్రిస్టోఫ్ వాన్ ఫ్యూరర్ హైమెన్‌డార్ఫ్. ఇతడు 1909లో వియన్నాలో జన్మించిన మానవశాస్త్రజ్ఞుడు. రెండవ ప్రపంచయుద్ధ కాలమున హైదరాబాదు సంస్థానమున నుండి, 1940లో నల్లమల చెంచుల నడుమను, పిదప గోదావరి కొండరెడ్ల నడుమను, ఆదిలాబాదు గోండుల నడుమను నివసించి, వారిని గూర్చి 1943, 1945, 1948 సంవత్సరములలో పెద్ద గ్రంథములు ప్రకటించెను. ఛాయాచిత్రములును చలనచిత్రములును విరివిగ తీసెను. అవి లండను విశ్వవిద్యాలయపు ప్రాచ్య ఆఫ్రికా విద్యాలయమున భద్రపఱచబడియున్నవి. అతడు చూచి పోయినవాడు మాత్రమే గాడు. కొమరం భీం 1940లో జోడేఘాట్ వద్ద హతుడైన పిమ్మట గోండుల భూమి బాధలను విచారించి నిజాం ప్రభుత్వమునకు నివేదించెను. మార్లవాయి గ్రామమున ఉపాధ్యాయులకు శిక్షణ యిప్పించి, గోండీ భాషలో వాచకములు సిద్ధము చేయించెను. 1970లలో మరల వచ్చి, ఆ భూములు మరల పరుల పాలగుచుండుట చూచి, 1982లో వెలువడిన గ్రంథమున ఖిన్నుడై వ్రాసెను. అతని భార్య సమాధి మార్లవాయిలోనే యున్నది.

ఈయన జీవితము సమానమైన యెత్తున నడచినది, ఇది నిర్వివాదము. అయినను ఆయన తీసిన బొమ్మలు ఎక్కడ చేరినవి? తీయబడినవారి మనుమలు తమ తాతల ముఖములను చూడగోరినచో సముద్రముల కావలి భాండాగారము తలుపు తట్టవలసినవారైరి. ఇది ఆ వ్యక్తి దోషము గాదు. ఆ కాలపు విద్యావ్యవస్థ దోషము. తీసినవాడు మంచివాడగుట చాలదు, తీసినది తీయబడినవారికి తిరిగి చేరవలెనని మన కిది బోధించుచున్నది.

గోండీ వాచకముల ప్రసక్తి రాగానే మా జిల్లాల వారికి స్మరణకు వచ్చువాడు గిడుగు రామమూర్తి పంతులు. ఆయన కెమెరా పట్టలేదు. కాని దూరవాసులను లోకమునకు చూపదలచినవాడు మొదట నేమి చేయవలెనో ఆయన వలెనే చేసి చూపినవారు తక్కువ. శ్రీకాకుళం సీమలో ముఖలింగము చెంత 1863లో జన్మించి, పర్లాకిమిడిలో ఉపాధ్యాయుడై, సమీపపు కొండలనుండి దిగివచ్చు సవరల మాట విని, దానిని నేర్వ నిశ్చయించెను. నిఘంటువు లేదు, వ్యాకరణము లేదు, లిపి లేదు. ఏండ్ల తరబడి విని, వ్రాసికొని, సవర పిల్లలకు సవర భాషలోనే చదువు చెప్పించుటకు పాటుపడెను. ఆయన సవర భాషా వ్యాకరణము 1931లోను, సవర ఇంగ్లీషు నిఘంటువు 1938లోను వెలువడినవి. ఇందలి క్రమమును గమనింపుడు. మొదట చెవి, తరువాత నోరు, అటుపిమ్మట కలము. నేటి డాక్యుమెంటరీకారులలో పెక్కండ్రకు మొదట కెమెరా, తరువాత దుబాసి, చెవి యెన్నడును లేదు. 1936లో మంగెయి గొమాంగో అను సవర వ్యక్తి తన భాషకు సొరాంగ్ సొంపెంగ్ అను లిపిని తానే కల్పించెను. ఒకరు తమ మాటను వినిపించుకొను సాధనమును తామే నిర్మించుకొనుట యను పనిలో ఆ లిపికిని పస్తాపురపు కెమెరాకును చుట్టరికము గలదు.

పస్తాపురపు స్త్రీల చిత్రములలో విశేషముగ ప్రసిద్ధికెక్కినది వరంగల్లు బీటీ ప్రత్తి రైతులను గూర్చినది. మన దేశమున బీటీ ప్రత్తి సాగునకు 2002 మార్చిలో అనుమతి లభించెను. ఆ యేట వరంగల్లు ప్రాంతపు రైతులు ఆ విత్తనము నాటిరి. ఈ స్త్రీలు అచటికి పోయి, ఒక పంటకాలము పొడవున ఆ రైతులను మరల మరల కలిసికొని, విత్తనపు ఖర్చు, మందుల ఖర్చు, మొక్క తీరు, చేతికి వచ్చిన దిగుబడి వారి నోటనే చెప్పించి తీసి, 2003లో ప్రదర్శించిరి. ఆ చిత్రము పరదేశ భాషలలోనికి సైతము పోయెను. దీని బలమెక్కడ నున్నది? ప్రశ్న యడుగువాడును రైతే, చెప్పువాడును రైతే. "ఎకరమునకెంత?" అని యడుగునప్పుడు ఆ ప్రశ్నలో పరామర్శ యున్నది గాని విచిత్రము లేదు. ఎండిన చేను కెమెరాకు అందమైన దృశ్యముగ గాక, అప్పు పత్రముగ కనబడుచున్నది. ఫ్లాహర్టీ చిత్రమున ధర కనబడలేదని మేమింతకు ముందు చెప్పితిమి. ఇందు ధరయే కథానాయకుడు.

ఇంతమాత్రమున ఈ చిత్రములు నిర్దోషములని మేము తీర్పు చెప్పము. ఆ సంస్థ బీటీ విత్తనములకు ప్రతికూలమైన యభిప్రాయము గలది. చిత్రము ఆ పక్షమున నిలిచి మాటలాడును. ఎదుటిపక్షపు వాదనను దాని బలముతో చూపి ఖండించినచో వాదము మఱింత గట్టిపడెడిదని మేము తలంతుము. మఱియొకటి: తమవారు తీసినంతమాత్రమున దాపఱికములు పోవు. ఊరిలోపల గూడ పటేళ్లు గలరు. ఇంటిలోపల గూడ గలరు. భర్త యెదుట భార్య చెప్పలేని మాటను పొరుగింటి స్త్రీ పట్టిన కెమెరా యెదుట చెప్పగలదో లేదో విచారింపవలసినదే. చెప్పవచ్చినదేమన, సమానమైన యెత్తు సత్యమునకు హామీపత్రము గాదు, సత్యమునకు ద్వారము. ఆ ద్వారము తెఱవకుండ మాత్రము లోపలికి పోవుట యసాధ్యము.

ఈ విషయము భోగాపురమున గూర్చుండి మేమేల వ్రాయుచున్నామని చదువరు లడుగవచ్చును. మాకు తూర్పున సముద్రము, ఆ యొడ్డున ముక్కాము, చింతపల్లి మొదలగు జాలరి పల్లెలు. పడమట దూరమున తూర్పు కనుమలు. వానిలో జాతాపులు, సవరలు, కొండదొరలు. చేతిలోని ఫోనే కెమెరాయైన యీ కాలమున ఈ రెండు దిక్కులకును బొమ్మలు తీయువారు నిత్యమును పోవుచున్నారు. అరకు ప్రాంతమున థింసా నృత్యము యాత్రికుల కెమెరాల యెదుట ఆడబడుచున్నది. సముద్రపు టొడ్డున సూర్యోదయము, తెప్ప, వల, ఇవి యందమైనవే. కాని తెప్పకు మోటారున్నది. జాలరి చేత ఫోనున్నది. వల కొనుటకు చేసిన యప్పున్నది. వేట చాలక గుజరాతు తీరపు వేరావలుకు వలసపోయిన శ్రీకాకుళపు, విజయనగరపు జాలరులు 2018లో పాకిస్తాను వారికి పట్టుబడి, 2020 జనవరిలో గాని యిల్లు చేరలేకపోయిన వృత్తాంత మున్నది. మోటారును తప్పించి, ఫోనును దాపించి, తెల్లవాఱి వెలుతురులో తెప్పను మాత్రము తీసినవాడు అందమైన బొమ్మ తీసినవాడే. వాడు 1922 నాటి తుపాకిని మరల దాచినవాడు గూడ.

మఱియొక సంగతి. మా భోగాపురమున విమానాశ్రయము కొఱకు వేలాది యెకరముల భూమి సేకరింపబడి, కొన్ని పల్లెలు తమ చోటు విడిచి క్రొత్త చోట కుదురుకొనవలసివచ్చెను. విమానములు కావలెనా వలదా యను వాద మిక్కడ మాకు ప్రస్తుతము గాదు. ఒక పల్లె లేచిపోవునప్పుడు దాని బావిగట్టు, గ్రామదేవత గుడి, రచ్చబండ, ఎవరి యిల్లు ఎవరి యింటి ప్రక్కన నుండెనను జ్ఞాపకము, ఇవి చిత్రముగ నిలుపదగినవి. వానిని నిలుపుటకు పరస్థలమునుండి వచ్చిన కళాకారుడు కొంత చేయగలడు. "ఇక్కడ మా నాయనమ్మ నీళ్లు తోడెడిది" అని వ్రేలు పెట్టి చూపగల పడుచువాడు కెమెరా పట్టినచో అంతకంటె నెక్కువ చేయగలడు. మన పాఠశాలలలో పిల్లలకు వ్యాసరచన నేర్పుచున్నాము. చూచి యేరుకొనుట నేర్పుటలేదు. కలమునకు వ్యాకరణమున్నట్లే కెమెరాకును నీతి యున్నదని పదునాలుగేండ్ల పిల్లవానికి చెప్పనిచో, వాడు మొదటి సెలవులలోనే కొండకు పోయి అడుగకుండ నొక ముసలమ్మ బొమ్మ తీసి లోకమంతటికి పంచును. ఆ నేరమున సగము మాబోటి ఉపాధ్యాయులది.

కావున దూరవాసులను గూర్చిన డాక్యుమెంటరీ నెప్పుడు చూచినను మన చదువరులు నాలుగు ప్రశ్నలు వేయవలెనని కోరుచున్నాము. తీయబడినవారి పేర్లు చెప్పబడినవా? వారి మాట వారి గొంతుతో, వారి భాషలో వినబడినదా? వారి బ్రతుకులోని ధరలు, అప్పులు, పట్టాలు, పై యధికారులు కనబడిరా, లేక కొండయు అలయు మాత్రమే కనబడినవా? తుదకు, ఆ చిత్రమును వారు చూచిరా, చూచి యేమనిరి? ఈ నాలుగింటికి సమాధానము గల చిత్రము ఛాయాగ్రహణమున కొంత కొఱవడినను గొప్పది. సమాధానము లేని చిత్రము ఎన్ని బహుమతులందినను అరుగుపైనుండి తీసినది.

దూరపు కొండ నునుపుగ కనబడుట మానవలెనన్న కొండను చదును చేయ బనిలేదు. మనము నడచి పోవలెను. పోయినవా రచట నిలువబడక చాపమీద గూర్చుండవలెను. కెమెరాను కొండవారి చేతికిచ్చి, ఈ పల్లపునేల వారివంక చూడుడని చెప్పగలిగిన నాడు, మన ముఖము లెంత నునుపో మనకే తెలియగలదు.